పుట్టిన ఊరి రిజిస్టరులో ఒక వరుస

ఇప్పుడు నలభై, యాభై దాటిన తెలుగువాళ్లలో చాలామంది బర్త్ సర్టిఫికెట్ మొహం చూడకుండానే చదువులు, ఉద్యోగాలు, పెళ్లిళ్లు కానిచ్చేశారు. పుట్టినతేదీకి రుజువేదంటే టెన్త్ మెమో చూపించేవారు. అది చెల్లింది కూడా. పాస్‌పోర్టు దగ్గర మాత్రం ఒక చిక్కు ఉండేది. 1989 జనవరి 26న గానీ ఆ తర్వాత గానీ పుట్టినవాళ్లు బర్త్ సర్టిఫికెట్ పెట్టి తీరాలనేవారు. 2016 డిసెంబరులో ఆ పట్టూ సడలింది. ఇక ఈ కాగితంతో పని లేదనుకున్నారు జనం. ఏడేళ్లు తిరక్కుండానే గాలి మళ్లింది. జనన మరణాల నమోదు చట్టానికి చేసిన సవరణ 2023 అక్టోబరు 1న అమల్లోకి వచ్చింది. ఆ రోజు నుంచి పుట్టిన పిల్లలకు బడిలో చేరడం మొదలు ఓటరు జాబితా, డ్రైవింగ్ లైసెన్సు, పెళ్లి నమోదు, సర్కారు కొలువు, ఆధార్, పాస్‌పోర్టు దాకా పుట్టినతేదీకీ పుట్టిన చోటుకూ బర్త్ సర్టిఫికెట్ ఒక్కటే ఆధారం. 2025 ఫిబ్రవరిలో పాస్‌పోర్టు నిబంధనలనూ అందుకు తగ్గట్టు మార్చారు.

అంతకు ముందు పుట్టినవాళ్లకు పాత ఆధారాలు ఇంకా చెల్లుతాయి. అయినా మీసేవ కేంద్రాల్లో, గ్రామ సచివాలయాల్లో ఈ కాగితం కోసం తిరిగేవాళ్లలో పసిపిల్లల తల్లిదండ్రులెంతమందో జుట్టు నెరిసినవాళ్లూ అంతమంది కనిపిస్తారు. గ్రీన్‌కార్డు దరఖాస్తు పెట్టినవాళ్లు, పిల్లల దగ్గరికి వెళ్లి ఉండిపోదామనుకుంటున్న అమ్మానాన్నలు, కోర్టులో వారసత్వం తేల్చుకోవలసినవాళ్లు. వాళ్లు అడిగేది కొత్త సర్టిఫికెట్ కాదు. ఎప్పుడో రిజిస్టరులో రాసి పెట్టిన వరుసకు నకలు. ఇబ్బంది అక్కడే మొదలవుతుంది. ఉన్న వరుసకు నకలు తీసుకోవడం ఒక పని, ఆ వరుసలో తప్పు దిద్దించుకోవడం రెండో పని, అసలు వరుసే లేకపోతే కొత్తగా రాయించుకోవడం మూడోది. మూడింటికీ సెక్షన్లు వేరు, అధికారులు వేరు, పట్టే కాలం వేరు. కౌంటరు దగ్గర మాత్రం మూడింటినీ కలిపి ‘బర్త్ సర్టిఫికెట్ కావాలి’ అంటాం. అవతలి మనిషి తనకు ఏది తేలికో ఆ దారిలోకి మనల్ని నెట్టేస్తాడు.

ముందు నకలు సంగతి. జెరాక్సు తీసి గెజిటెడ్ అధికారి చేత సంతకం పెట్టించుకున్నది సర్టిఫైడ్ కాపీ అవదు. రిజిస్టరు ఎవరి అధీనంలో ఉందో ఆ రిజిస్ట్రారు దాన్ని చూసి, ఉన్నది ఉన్నట్టు ఎత్తి రాసి, తేదీ వేసి, సంతకం చేసి ఇచ్చిందే సర్టిఫైడ్ కాపీ. ఇప్పుడు చాలావరకు డిజిటల్ సంతకం, క్యూఆర్ కోడ్‌తో ఐదో నంబరు ఫారం మీద వస్తోంది. 1969 నాటి జనన మరణాల నమోదు చట్టంలో 12వ సెక్షను కింద తొలి ప్రతి ఉచితం. నమోదు పూర్తయిన ఏడు రోజుల్లోపు ఇవ్వాలని సవరణ చెబుతోంది. ఏళ్లు గడిచాక కావలసిన నకళ్లన్నీ 17వ సెక్షను కిందికి వస్తాయి. ఈ సెక్షను గురించి తెలిసినవాళ్లు తక్కువ, చెప్పేవాళ్లు ఇంకా తక్కువ. ఎవరైనా సరే రుసుము కట్టి రిజిస్టరులో వెతికించుకోవచ్చు, నకలు పుచ్చుకోవచ్చు అని అది హక్కుగా చెబుతోంది. ఏళ్ల తరబడి నడిచిన నిబంధనల్లో ఆ రుసుము మొదటి ఏడాది వెతకడానికి రెండు రూపాయలు, పై ప్రతి ఏడాదికీ మరో రెండు, నకలుకు ఐదు. తర్వాత రేట్లు మారాయి, మీసేవ చార్జీ అదనం. ఎలా లెక్క వేసినా పెద్ద మొత్తమేమీ కాదు. అలా ఇచ్చిన నకలు కోర్టులో సాక్ష్యంగా చెల్లుతుంది. అంత విలువ దానికి ఎందుకంటే అది రిజిస్టరు నుంచి వచ్చింది కాబట్టి. అంటే ముందు తెలియవలసింది ఆ రిజిస్టరు ఎక్కడుందో.

మనవాళ్లు ఎక్కువగా దారి తప్పేది ఇక్కడే. జననం నమోదయ్యేది పుట్టిన చోట. కాపురం ఉన్న ఊళ్లో కాదు, తండ్రి సొంతూళ్లో అసలే కాదు. మన ఇళ్లలో తొలి కాన్పు పుట్టింట్లో జరగడం ఆనవాయితీ. నాన్నది కడప, ఇంటిపేరు కడప జిల్లాలో తెలియనివాళ్లు లేరు, మనిషి పెరిగిందీ అక్కడే. అయినా రిజిస్టరులో వరుస మాత్రం అమ్మమ్మగారి ఊరైన ఒంగోలులో ఏదో నర్సింగ్ హోము పంపిన రిపోర్టుతో మునిసిపాలిటీ పుస్తకంలో ఉంటుంది. ఆస్పత్రిలో కాన్పు అయితే సమాచారం ఇచ్చే బాధ్యత అక్కడి వైద్యాధికారిది, ఇంట్లో అయితే ఇంటి పెద్దది. జైల్లో పుట్టిన బిడ్డకు జైలరు, సత్రంలోనో హోటల్లోనో పుడితే దాని నిర్వాహకుడు. ఆ వివరం కూడా చట్టం మరిచిపోలేదు. అందుచేత వెతకబోయే ముందు ఇంట్లో పెద్దవాళ్లను అడగవలసిన మొదటి ప్రశ్న తేదీ గురించి కాదు. ఏ ఊళ్లో, ఇంట్లోనా ఆస్పత్రిలోనా, ఏ పేటలో అని అడగాలి.

ఊరు తేలాక ఆ ఊరి పుస్తకం ఎవరి చేతుల మీదుగా వచ్చిందో చూడాలి. కోస్తా, రాయలసీమ జిల్లాల్లో గ్రామ జనన మరణాల లెక్క ఒకప్పుడు మునసబు చేతిలో ఉండేది. మద్రాసు ప్రెసిడెన్సీకి 1899 నుంచే ఇందుకు సొంత చట్టం ఉండేది. నిజాం ఇలాకాలో దస్తావేజులు ఉర్దూలో, తేదీలు ఫసలీ లెక్కలో నడిచేవి. తెలంగాణ పెద్దల పాత కాగితాల్లో అజూర్, దై, బహమన్ అనే నెలలు కనిపించేది అందుకే. 1969 చట్టం వచ్చాక దేశమంతటికీ ఒకే పద్ధతి ఏర్పడింది. 1984లో కరణం, మునసబు పదవులు రద్దయ్యాయి, ఆ మరుసటి ఏడాది తాలూకాల స్థానంలో మండలాలు వచ్చాయి. ఇంత మార్పులో కట్టలు చేతులు మారాయి, గదులు మారాయి. కొన్ని చెదలు తిన్నాయి, కొన్ని తుపానులో తడిశాయి. ఇప్పుడు గ్రామంలో రిజిస్ట్రారు పంచాయతీ కార్యదర్శి. కానీ రిజిస్టరు ఆయన దగ్గర ఆ ఏడాది ముగిశాక పన్నెండు నెలలే ఉండాలి, తర్వాత భద్రపరిచే అధికారికి అప్పగించాలి అన్నది నిబంధన. అందుకే పాతికేళ్ల కిందటి వరుస కోసం పంచాయతీ ఆఫీసు చుట్టూ తిరిగి లాభం ఉండదు. తహసీల్దారు కార్యాలయం రికార్డు గదిలో అడగాలి. పట్నాల్లో అయితే మునిసిపాలిటీ ఆరోగ్య విభాగంలో.

పేర్లు, హద్దులు మారిన చిక్కు దీనికి తోడు. 2007లో చుట్టుపక్కల మునిసిపాలిటీలు పన్నెండింటిని కలిపి గ్రేటర్ హైదరాబాద్ చేశారు. కూకట్‌పల్లిలో 1995లో పుట్టినవాడి వరుస ఆనాటి కూకట్‌పల్లి మునిసిపాలిటీ పుస్తకంలో ఉంది. తెలంగాణలో 2016 నుంచి జిల్లాలు పది కాస్తా ముప్పై మూడయ్యాయి, ఆంధ్రప్రదేశ్‌లో 2022 ఏప్రిల్‌లో పదమూడు ఇరవై ఆరయ్యాయి. జగిత్యాలలో పుట్టినవాడి పాస్‌పోర్టులో కరీంనగర్ జిల్లా, కొత్తగా తీసిన నకలు మీద జగిత్యాల జిల్లా. రెండూ నిజమే. విదేశీ అధికారికి ఈ సంగతి విప్పి చెప్పాలంటే జిల్లా విభజన ప్రకటన ప్రతి ఒకటి జత చేయడం మంచిది. కూనవరం, చింతూరు, వరరామచంద్రపురం వాళ్ల కథ మరీ ప్రత్యేకం. 2014 దాకా ఖమ్మం జిల్లా మనుషులు, జిల్లాలో మిగతాది తెలంగాణకు వెళ్లినా వీళ్లు ఆంధ్రప్రదేశ్‌లోనే ఉండిపోయారు. పుట్టిన చోటు మారలేదు, జిల్లా మారింది.

ఆన్‌లైన్‌లో వెతికితే పని తేలికే, వరుస కంప్యూటరెక్కి ఉంటే. తెలంగాణలో మీసేవ, ఆంధ్రప్రదేశ్‌లో మీసేవతోపాటు గ్రామ, వార్డు సచివాలయాలు, వీటన్నిటినీ జనన మరణాల నమోదుకు కేంద్రం నడిపే సీఆర్ఎస్ పోర్టల్‌తో కలుపుతున్నారు. (ఆ పోర్టల్‌ను పోలిన దొంగ వెబ్‌సైట్లు బోలెడు. డబ్బు కట్టేముందు చిరునామా చివర జీఓవీ డాట్ ఇన్ ఉందో లేదో చూసుకోవాలి.) ఇటీవలి ఏళ్ల నమోదులు నిమిషాల్లో దొరుకుతాయి. పాత పుస్తకాలను ఎక్కించేటప్పుడు ఏమైందో పేజీని దగ్గరగా చూస్తే గానీ అర్థం కాదు. అడ్డంగా పొడుగాటి పుట. వరుస నంబరు, పుట్టినతేదీ, ఆడా మగా, బిడ్డ పేరు, తండ్రి పేరు, తల్లి పేరు, పుట్టిన చోటు, సమాచారం ఇచ్చినవారు, రాసుకున్న తేదీ. బిడ్డ పేరు గడి ఖాళీగా ఉంటుంది, లేదా ‘పాప’ అనో ‘బాబు’ అనో ఉంటుంది. దానికి కారణం మన బారసాల. నమోదుకు చట్టం ఇచ్చిన గడువు 21 రోజులు, చాలా ఇళ్లలో ఉయ్యాలలో వేసి పేరు పెట్టేదీ ఇరవై ఒకటో రోజునే. ఆస్పత్రి రిపోర్టు అప్పటికే వెళ్లిపోయింది. తల్లి పేరు దగ్గర ఆస్పత్రిలో చేర్చిన మనిషి చెప్పిన పేరు ఉంటుంది. అది ఒక్కోసారి ముద్దు పేరు, ఒక్కోసారి పుట్టింటి ఇంటిపేరుతో ఉన్న పేరు. దాన్ని ఇంగ్లిషులోకి ఎక్కించిన డేటా ఎంట్రీ కుర్రాడికి లక్ష్మిలో కె, ఎస్, హెచ్ రాయాలో ఎక్స్ రాయాలో ఎవరూ చెప్పలేదు.

కాబట్టి ‘సాయికిరణ్’ అని కొట్టి ‘రికార్డు లేదు’ అని వచ్చిందంటే అది లేనట్టు కాదు. బిడ్డ పేరు పక్కన పెట్టి తేదీతోనూ తల్లి పేరుతోనూ వెతకాలి, తల్లి పేరును రెండు మూడు స్పెల్లింగుల్లో కొట్టి చూడాలి. పుస్తకంలో చూస్తున్నప్పుడు ఇంకో సంగతి గుర్తుంచుకోవాలి. వరుసలు పుట్టినతేదీ క్రమంలో కాక రాసుకున్న తేదీ క్రమంలో పోతాయి. డిసెంబరు ఆఖరులో పుట్టినవారి వరుస మరుసటి ఏడాది పుస్తకంలో పడి ఉండొచ్చు. ఇంట్లో చెప్పే తేదీ తిథిని బట్టి లెక్క కట్టిందైతే ఒకటి రెండు రోజులు అటూఇటూ కావచ్చు. ఇదంతా వెతకాలంటే గంట పట్టే పని, దుమ్ము మింగే పని. రికార్డు గది తాళం ఉన్న మనిషి ఆ పూట సెలవులో ఉండడం కూడా మామూలే. అందుకే కౌంటరులో మాటకు ముందే వినిపించేది ‘నాన్ అవైలబిలిటీ తీసుకోండి, లేట్ రిజిస్ట్రేషన్ చేయించుకోండి’ అని, అంటే రికార్డు లేదని కాగితం తీసుకుని కొత్తగా రాయించుకోమని. ఈ సలహాకు తలూపొద్దని నా మాట. వరుస నిజంగా లేదని రూఢి అయ్యేదాకా ఆ దారి పట్టకూడదు. ఎందుకో ముందు ముందు చెబుతాను. ఫలానా ఏడాది ఫలానా గ్రామం రిజిస్టరు ఎవరి అధీనంలో ఉందని సమాచార హక్కు కింద ఒక దరఖాస్తు పెడితే ముప్పై రోజుల్లో రాతపూర్వకంగా జవాబు రావాలి. ఆ జవాబు ఉంటే వెతకడం దానంతటదే మొదలవుతుంది.

వరుస దొరికి పేరు గడి ఖాళీగా ఉంటే కంగారు అక్కర్లేదు. 14వ సెక్షను ఉన్నదే దాని కోసం. నమోదైన ఏడాదిలోపు పేరు చేర్పించడం ఉచితం, పదిహేనేళ్ల వరకు రుసుముతో. అది దాటినవాళ్లకు కొన్ని రాష్ట్రాలు గడువు పొడిగించాయి. అలాంటి అవకాశం ప్రస్తుతం మీ దగ్గర ఉందో లేదో రిజిస్ట్రారునే అడగాలి. ఖాళీ గడి ఉన్న నకలూ పనికిరాకపోదు. తేదీ, చోటు, తల్లిదండ్రులు కలుస్తుంటే దానికి టెన్త్ మెమో, తల్లి అఫిడవిట్ జోడించి గట్టెక్కినవాళ్లున్నారు. రాతలో తప్పుంటే 15వ సెక్షను. అసలు రాతను చెరపరు, కొట్టేయరు. పక్కన మార్జిన్‌లో సవరణ రాసి రిజిస్ట్రారు తేదీ వేసి సంతకం చేస్తాడు. అక్షర దోషమైతే ఇంతే. పేరే మార్చాలన్నా, తండ్రి పేరు ఇంకొకటి పెట్టాలన్నా అది దిద్దుబాటు కిందికి రాదు. తండ్రి ప్రస్తావన లేకుండా తల్లి ఒక్కతే సర్టిఫికెట్ అడిగితే మాత్రం కాదనకూడదు. ఒంటరి తల్లి అఫిడవిట్ ఇస్తే చాలని సుప్రీంకోర్టు 2015 జూలైలో తేల్చి చెప్పింది. పదేళ్లు దాటినా ఈ తీర్పు అన్ని కౌంటర్లకూ చేరిందని చెప్పలేం.

ఇక వరుసే లేనివాళ్లు. పదో నంబరు ఫారం మీద నాన్ అవైలబిలిటీ సర్టిఫికెట్ తీసుకుని, దానికి టెన్త్ మెమో, ఆధార్, రేషన్ కార్డు, దొరికితే ఆస్పత్రి చీటీ జత చేసి దరఖాస్తు పెట్టాలి. నెల దాటి ఏడాదిలోపు అయితే జిల్లా స్థాయి అనుమతి చాలు. ఏడాది దాటితే పాత చట్టం ఫస్ట్ క్లాస్ మేజిస్ట్రేటు ఉత్తర్వు అడిగేది. 2023 సవరణ దాన్ని జిల్లా మేజిస్ట్రేటుకో, సబ్ డివిజనల్ మేజిస్ట్రేటుకో, జిల్లా మేజిస్ట్రేటు అధికారమిచ్చిన ఎగ్జిక్యూటివ్ మేజిస్ట్రేటుకో అప్పగించింది. తెలుగు రాష్ట్రాల్లో ఆచరణలో ఈ ఫైలు నడిచేది ఆర్డీవో ఆఫీసులో. అక్కడి నుంచి తహసీల్దారుకు, ఆయన నుంచి ఊళ్లో విచారణకు, మళ్లీ పైకి. ప్రొసీడింగ్స్ వచ్చాక రిజిస్ట్రారు వరుస రాస్తాడు. రాసేది ఇవాళ్టి పుస్తకంలో. పుట్టింది 1978, నమోదు 2025 అని రెండు తేదీలూ సర్టిఫికెట్ మీద పక్కపక్కనే కనిపిస్తాయి. చట్టం దృష్టిలో అది నిక్షేపమైన సర్టిఫికెట్. చూసేవాడి కంటికి మాత్రం నలభై ఏడేళ్ల తేడా ముందు కనిపిస్తుంది. మొదటి పద్ధతిలో పాత వరుస బయటపడితే ఈ అనుమానానికి తావే ఉండదు. పైగా పాత వరుస ఉండగానే కొత్తది రాయిస్తే ఒకే మనిషికి రెండు జననాలవుతాయి. ఎప్పుడో ఒకప్పుడు అది బయటికి వస్తుంది, అప్పుడు రద్దయ్యేది ఏదో మన చేతిలో ఉండదు. డబ్బులు తీసుకుని రెండు రోజుల్లో సర్టిఫికెట్ చేతిలో పెడతామనే దళారుల సంగతి వేరే చెప్పక్కర్లేదు. సరైన ఆధారాలు లేకుండా జారీ అయిన సర్టిఫికెట్లను హైదరాబాద్‌లో వేల సంఖ్యలో రద్దు చేసిన రోజులు చూశాం.

నకలు చేతికొచ్చాక మొదలయ్యే తలనొప్పి ఒకటుంది. బడిలో వేసిన తేదీ, పుట్టిన తేదీ వేరువేరు కావడం. ఐదేళ్లు నిండాయనిపించడానికి బడి తెరిచే జూన్‌కు సరిపోయేలా హెడ్మాస్టరు వేసిన తేదీలు మన దగ్గర లక్షణంగా చెల్లిపోయాయి. ఒకే బడిలో జూన్ నెలలో పుట్టినవాళ్లు అంతమంది ఉండడం ఎవరికీ వింతగా తోచలేదు. ఇప్పుడు అసలు తేదీ బయటపడితే ఏది నమ్మాలి? చట్టాలు దీనిమీద ఒక్క గొంతుతో మాట్లాడవు. బాలల న్యాయ చట్టం 94వ సెక్షను వయసు తేల్చడానికి బడి సర్టిఫికెట్‌నూ మెట్రిక్ సర్టిఫికెట్‌నూ ముందు చూడమంటుంది, అవి లేకపోతేనే మునిసిపాలిటీ, పంచాయతీ సర్టిఫికెట్. ప్రభుత్వోద్యోగి సర్వీసు రిజిస్టరులో తేదీ మార్చడానికి 1984 నాటి నిబంధనలు దాదాపు తలుపు మూసేశాయి. ఆధార్ మీది తేదీ వయసుకు రుజువు కాదని సుప్రీంకోర్టు 2024 అక్టోబరులో చెప్పింది. అందుచేత ఉద్యోగంలో ఉన్నవాళ్లు జనన రిజిస్టరు నకలు పట్టుకుని అన్నిచోట్లా తేదీ మార్పించబోవడం కోరి తెచ్చుకునే చిక్కు. తేడా ఎందుకు వచ్చిందో తల్లిదండ్రుల చేత అఫిడవిట్ రాయించి పెట్టుకోవడం మేలు.

అమెరికా వెళ్లేవాళ్ల విషయానికొస్తే, 1970 ఏప్రిల్ 1కి ముందు పుట్టిన భారతీయుల దగ్గర అక్కడి అధికారులు బడి రికార్డు వంటి ఇతర ఆధారాలనూ చూస్తారు. మన చట్టం చాలా రాష్ట్రాల్లో అమల్లోకి వచ్చింది ఆ రోజునే. ఆ తర్వాత పుట్టినవాళ్లు స్థానిక సంస్థ ఇచ్చిన సర్టిఫికెట్ గానీ, నాన్ అవైలబిలిటీతో పాటు పుట్టుక ఎరిగిన పెద్దల అఫిడవిట్లు గానీ పెట్టాలి. చాలా ఏళ్ల తర్వాత నమోదైన సర్టిఫికెట్ ఒక్కటే పెడితే ఇంకా ఆధారాలు కావాలని లేఖ రావచ్చు, అందుకే అఫిడవిట్లు ముందే సిద్ధం చేసుకోవాలి. అమ్మా నాన్నా ఉన్నప్పుడే రాయించుకోవాలి అని వేరే చెప్పాలా? తెలుగులోనో ఉర్దూలోనో ఉన్న పాత నకలుకు ఇంగ్లిషు అనువాదం జతపరచాలి. రెండు భాషలూ వచ్చినవారెవరైనా అనువదించి, అది సరైనదని సంతకం చేస్తే సరిపోతుంది, నోటరీ అక్కర్లేదు. విదేశాల్లో కాగితం చెల్లేందుకు వేయించే అపోస్టిల్ ముద్ర గొడవ అమెరికా వలస దరఖాస్తుకు లేదు. అడిగే దేశాలు వేరే ఉన్నాయి. అపోస్టిల్ ఒప్పందంలో భారత్ 2005లో చేరింది. ముందు రాష్ట్ర ప్రభుత్వ ధ్రువీకరణ, తర్వాత విదేశాంగ శాఖ ముద్ర. యూఏఈ, కువైట్ ఆ ఒప్పందంలో లేవు, వాటికి ఆయా దేశాల రాయబార కార్యాలయం ముద్ర కూడా పడాలి. ఇక డల్లాస్‌లోనో దుబాయిలోనో పుట్టిన బిడ్డ వరుస మామూలుగా ఇక్కడి ఊరి పుస్తకంలో ఉండదు. అక్కడి సర్టిఫికెట్టే ముఖ్య ఆధారం, భారత పౌరసత్వం కావాలంటే ఏడాదిలోపు మన కాన్సులేటులో నమోదు చేయించాలి.

రిజిస్ట్రారు నకలు ఇవ్వనన్నా, తప్పు దిద్దనన్నా ఇప్పుడు అప్పీలు ఉంది. 2023 సవరణ తెచ్చిన 25ఏ సెక్షను ప్రకారం రిజిస్ట్రారు చర్య మీద జిల్లా రిజిస్ట్రారుకు, ఆయన మీద రాష్ట్ర ముఖ్య రిజిస్ట్రారుకు ముప్పై రోజుల్లో అప్పీలు చేసుకోవచ్చు. తొంభై రోజుల్లో తేల్చాలి. అయితే అప్పీలుకు చేతిలో కాగితం ఉండాలి. ‘లేదు, వెళ్లండి’ అన్న మాట మీద ఏ జిల్లా రిజిస్ట్రారూ ఏమీ చేయలేడు. దరఖాస్తు రాతపూర్వకంగా ఇచ్చి, 17వ సెక్షను పేరు అందులో రాసి, ఏ ఏడాది నుంచి ఏ ఏడాది దాకా వెతకాలో చెప్పి, నంబరున్న రసీదు పుచ్చుకుని బయటికి రావాలి.